పొట్టలో ఉన్న తల ఎముకను యథాస్థానమునకు చేర్చుట గురించి

ఆసుపత్రి సూపరింటెండెంటు గారి సముఖమునకు,

అయ్యా,

విషయం: ఉదరమున భద్రపరచిన కపాలపు ముక్కను తిరిగి తలకు బిగించుటకై విన్నపము.

నేను కళాశాలలో తర్కశాస్త్రము బోధించువాడను. గత వేసవిలో స్టాఫ్ రూములోని ఫ్యాను ఊడి నా తలపై పడినది. మెదడు వాచినందున తమ వైద్యులు కుడివైపు ఎముకను అరచేతి మేర తీసి, చెడిపోకుండుటకు నా పొట్టచర్మము క్రిందనే దాచి, ప్రాణము నిలిపినారు. వాపు తగ్గినది, ఇక బిగించవచ్చునని వారే వ్రాసి ఇచ్చినారు. ఇంతలో తమ ఆసుపత్రిలో తలకు, ఉదరమునకు విభాగములు వేరైనవి. తదుపరి నా ఇబ్బందులు:

1. తాము మెడకు దిగువన కత్తి పెట్టరాదని, ఎముకను ఉదర విభాగమున తీయించుకొని రమ్మని తల విభాగమువారు సెలవిచ్చినారు.

2. ఉదర విభాగమువారు నా పొట్ట తడిమి, "ఇది మా సరుకు కాదు మాస్టారూ, తలవాళ్ళది. వాళ్ళొచ్చి తీసుకుపోతే మాకేం అభ్యంతరం లేదు" అన్నారు. నేను రెండంతస్తుల నడుమ ఎక్కి దిగుచున్నాను. ఎముకయు నాతోనే ఎక్కి దిగుచున్నది.

3. తల సంపూర్ణముగా ఉన్నట్లు ధ్రువపత్రము తేనిదే మా ప్రిన్సిపాలు గారు నన్ను పాఠము చెప్పనీయరు. ఎముక నా దేహము దాటి పోలేదు గనుక మొత్తమున లోటు లేదని వాదించితిని. "మీ వాదన బాగానే ఉంది మాస్టారూ, తలే సొట్టపోయింది" అన్నారు.

4. నేను తుమ్మితే చాలు, నా భార్య చేతిలో పని వదిలేసి పరుగెత్తుకొచ్చి తలకు అరచెయ్యి అడ్డం పెడుతుంది. జారిపడతానని స్నానాలగది గడియ పెట్టుకోనివ్వదు. ఈ వయసులో, అయ్యా, తలుపు తీసిపెట్టి స్నానం చేస్తున్నాను.

కావున ఉభయ విభాగములవారిని ఒకే పూట, ఒకే బల్ల వద్ద నాకు చెరియొక వైపున నిలబెట్టవలసినదిగా ప్రార్థన. ఎముక ఎవరిదో ఎంతకూ తేలనిచో, నాదిగా నమోదు చేయించగలరు. నాకు అభ్యంతరము లేదు.

దయతో చిత్తగించవలెను.

తల వంచుటకు వైద్యుల అనుమతి లేని,
తమ విధేయుడు,
తర్కశాస్త్రోపన్యాసకుడు

తా.క.: చదివి వినిపించగా, నా భార్య ఇదియు చేర్చమన్నది: "బిగించేటప్పుడు అక్కడ చిన్న కిటికీ వదలమనండి. ఎముక లేనిచోట చర్మం కొట్టుకోవడం చూస్తే చాలు, మీకు కోపమొచ్చిందో భయమేసిందో నాకు తెలిసిపోతోంది. పెళ్ళయిన ఇన్నేళ్ళకి నాకు దొరికిన ఆధారం అదొక్కటే."

నాకు భయమేమీ లేదన్నాను.

"మరి ఇప్పుడు అదెందుకు అలా కొట్టుకుంటోంది?" అంది.

అయ్యా, త్వరగా మూయించండి.