మూడో గుండీ

చెల్లికి అన్నయ్య ఆశీస్సులు.

ఇక్కడ మేమిద్దరం క్షేమం. క్షేమం అంటే, నాన్న సోమవారం నుంచి లేచి కుర్చీలో కూర్చుంటున్నాడు. అక్కడ నువ్వూ, బావగారూ, పాపా బాగున్నారని తలుస్తున్నాను.

నువ్వు అడిగినవాటికి ముందు జవాబు రాస్తాను. అన్నం ఎడం చేత్తో తింటున్నాడు. సగం ఒళ్లోనే పడుతుంది. నేను కలిపి పెడతానంటే మొహం తిప్పుకుంటాడు. మాట ఇంకా ముద్దగానే ఉంది గాని, కోపం వచ్చినప్పుడు మాత్రం బాగానే అర్థమవుతుంది. కుడి చెయ్యి కదలడం లేదు.

సేనాపతిగారు ఇంకా ఈటె పట్టుకుని నిలబడుతున్నారా అని రాశావు. పదమూడేళ్లుగా చెబుతున్నాను, నేను సేనాపతిని కాదు, కోట ద్వారం దగ్గర కాపలావాణ్ణి. వారం కిందట మళ్లీ పనిలో చేరాను. మూడొందల ఏళ్ల కిందటి మనిషిలా ఉండడమే మా పని కదా. చేతికి గడియారం ఉండకూడదు, ఫోను ఆఫీసులో పెట్టి రావాలి. చూడవచ్చినవాళ్లు ఏం అడిగినా ఆ కాలం మనిషిలాగే చెప్పాలి. మొన్న ఒకావిడ మరుగుదొడ్డి ఎక్కడని అడిగింది. కోట బయట పొలాలు బోలెడున్నాయమ్మా అని చెప్పి, కళ్లతో బోర్డు వైపు చూపించాను. నా అంగీలో ఒక్క మిషను కుట్టు కూడా లేదని నీకు తెలుసు. గుండీలు కూడా దారం ముడులే. నాన్న దర్జీ కొట్టు మూసేశాక కూడా అదొక్కటి మాత్రం తన చేత్తోనే కుట్టేవాడు.

ఇక మందుల షాపు మామయ్య సంగతి. నాన్న పడిపోయిన రోజు పదకొండింటికి నాకు కబురు చెప్పడానికి బయల్దేరిన మనిషి దారిలో ఎక్కడ కూర్చున్నాడని నువ్వు ఆయనకు రాశానన్న ఉత్తరం అందింది. ఆయన చదివి, మడిచి, సొరుగులో పెట్టుకున్నాడు. ఎవరితోనూ ఏమీ అనలేదు. నాతో కూడా.

కబురు నాకు వేళకే అందింది, చెల్లీ.

నాన్నను పక్కింటి అత్తయ్యతో ఆసుపత్రికి పంపి, ఆయన నేరుగా కోటకే వచ్చాడు. శత్రువులు కోటను చుట్టుముట్టినప్పటి ఆట నడుస్తోంది. అందులో ఒక దూత వచ్చి నీ ఇల్లు తగలబడుతోంది, రమ్మంటాడు. కాపలావాడు కదలడు. రోజూ ఆడేదే. ఆ రోజు దూత కంటే ముందు మామయ్య జనాన్ని తోసుకుని వచ్చాడు.

"మీ నాన్న పడిపోయాడురా, పద."

"కోట నిలిస్తేనే ఇల్లు నిలుస్తుంది. ద్వారం విడిచి రానని చెప్పు" అన్నాను.

జనం చప్పట్లు కొట్టారు. మామయ్య నా అంగీ పట్టుకుని లాగాడు. మూడో గుండీ తెగింది. ఈటె కర్రతో ఆయన్ని వెనక్కి నెట్టాను. చప్పట్లు ఇంకా పెరిగాయి.

ఆటలో భాగమనుకున్నానని రాద్దామని రెండుసార్లు కాగితం తీశాను. అది అబద్ధం. ఆయన కాళ్లకు చెప్పులు లేవు. చూశాను. నిజమేనని నాకు తెలిసింది. కాని జనం అలా ఊపిరి బిగబట్టి చూడడం పదమూడేళ్లలో నేనెరగను. ఆట ముగించి వెళ్దామనుకున్నాను. నలభై నిమిషాలు పట్టింది. ఆసుపత్రిలో రక్తం గడ్డ కరిగించే సూది మందు వెయ్యడానికి కొడుకు సంతకం కోసం ఆగారు. ఇంకాస్త ముందు వచ్చుంటే చెయ్యి దక్కేదేమోనని డాక్టరమ్మ అంది. ఆలస్యం ఎందుకైందని నువ్వు ఫోనులో అడిగితే, మామయ్య ఆలస్యంగా వచ్చాడన్నాను.

పనిలో చేరేముందు నాన్నకు అంతా చెప్పాను. కిటికీ వైపు చూస్తూ విన్నాడు. తర్వాత అంగీ తెమ్మని వేలు చూపించాడు. చింపేస్తాడనుకున్నాను. సూది అడిగాడు. దారం ఎక్కించడం వరకే నన్ను చెయ్యనిచ్చాడు. మంచంలోనే దిండ్లకు ఆనుకుని, ఎడం చేత్తో ఆ ఒక్క గుండీకి ఐదు రోజులు పట్టింది. క్షమించాడో, తెగిన గుండీని చూస్తూ ఊరుకోలేకపోయాడో తెలీదు. నేను అడగలేదు. గుండీ వంకరగా ఉంది, దూరం నుంచి కూడా కనబడుతుంది. అలాగే వేసుకుంటున్నాను. దూత వచ్చినప్పుడు కోట నిలిస్తేనే ఇల్లు నిలుస్తుందన్న మాట ఇప్పుడు అనడం లేదు. తల అడ్డంగా ఊపుతున్నాను. అదే బాగుందని మా ఆట నడిపించే ఆయన అంటున్నాడు.

నాకు ఏం రాస్తావో నీ ఇష్టం, రాయకపోయినా సరే. ముందు మామయ్యకు ఒక్క ముక్క రాయి. ఆయన రోజూ మధ్యాహ్నం షాపు మూసి వచ్చి, నాన్న కుడి చెయ్యి నూనెతో రుద్ది వెళ్తున్నాడు. నాకు సెలవైన రోజు మాత్రం గుమ్మంలోనే ఆగిపోతాడు. నేను తలుపు తీసి పక్కకు తప్పుకుంటాను. అప్పుడు లోపలికి వస్తాడు.

ఇట్లు,
నీ అన్నయ్య