నమస్కారం చెప్పాక

ఎర్ఫుర్ట్, తూర్పు జర్మనీ, శనివారం

ఫోల్క్‌మార్ అన్నయ్యా,

టపాలో వేస్తే విప్పి చదువుతారు. ముసలివాళ్లను సరిహద్దు దగ్గర ఆపరు గనక, పశ్చిమ జర్మనీకి వస్తున్న హెడ్విగ్ పిన్ని చేతికిస్తున్నాను.

అమ్మ గురువారం పోయింది. ఆ సాయంత్రం కూడా నువ్వు అక్కడి టీవీలో ఎప్పటిలాగే వార్తలు చదివావు. నీకింకా తెలియదు కదా అని ఏడ్చాను.

ఇన్నేళ్లూ అమ్మ రోజూ తలుపు గడియ వేసి, పక్కవాళ్లకు వినపడకుండా సౌండు తగ్గించి నిన్ను చూసేది. నువ్వు నమస్కారం అనగానే, "నమస్కారం నాయనా, చిక్కిపోయావు, ఏమైనా తిన్నావురా?" అని అడిగేది. నువ్వు వార్తల్లోకి వెళ్లిపోతే, "వీడికెప్పుడూ తొందరే, నా మాట వినడు" అని విసుక్కునేది.

బుధవారం మట్టి చేస్తున్నాం. ఇక్కడినుంచి పారిపోయినవాడివి, నిన్ను రానివ్వరు. సంతాపంగా నల్ల టై కట్టుకోకు, నీకు కబురు పంపామని మా మీద అనుమానపడతారు. ఆ సాయంత్రం నమస్కారం చెప్పాక ఒక్క క్షణం ఆగు, చాలు. అమ్మ కుర్చీ టీవీ ముందే ఉంచుతాను.

నీ చెల్లి