వజ్రపక్షి గొంతు

తిరుపతి,
జూన్ 9

ప్రియమైన వరదయ్యకు,

ఫోన్ ఎత్తలేదని తిట్టుకోవద్దబ్బా. డాక్టరు మాట్లాడొద్దన్నాడు. మూడు నెలలుగా గొంతు బొంగురుగా ఉంటే జలుబనుకున్నాను. ముక్క తీసి పరీక్షకు పంపినారు. క్యాన్సరంట. స్వరపేటిక మొత్తం తీసెయ్యాలంట.

అదే వారం మద్రాసు స్టూడియో నుంచి కబురొచ్చింది. ‘వజ్రపక్షి’ సీరియల్ మళ్లీ తీస్తా ఉండారు. పదకొండేండ్లు ప్రతి ఆదివారం పొద్దున ఆ రెక్కల వీరుడికి నేను, వాడి శత్రువు కరాళుడికి నువ్వు తెలుగు గొంతిచ్చినాము కదా. ఇప్పుడూ నేనే కావాలంట. రెండు నెలల పని. అది ముగించినాక ఆపరేషను చేయించుకుంటా. నా భార్య చంద్రకాంతమ్మకు ఇంకా చెప్పలేదు. నువ్వూ చెప్పొద్దు.

నీ ధనంజయ

తడ,
జూన్ 14

ప్రియమైన ధనంజయకు,

నీ జాబు చదివినప్పటి నుంచి అన్నం దిగలేదు. రెండు నెలలు ఆగొచ్చని డాక్టరు చెప్పినాడా, నువ్వే చెప్పుకుంటా ఉండావా? ఆ ముక్క యాడా రాయలేదే!

నీ ఆశ నాకు తెలుసు. వజ్రపక్షి కొట్టేదానికన్నా ముందు, భయపడినోళ్ల పక్కన కూర్చుని మాట్లాడేవాడు. పిల్లోళ్లు వాడి రెక్కల కన్నా ఆ మాటలకే మురిసిపోయినారు. చిత్తూరు స్కూల్లో నువ్వు మైకు పట్టుకుంటే అందరూ లేచి నిలబడినారు. నేను నోరు తెరిస్తే ముందు వరసలో పాప ఏడిచింది!

అదంతా నిజమే. కానీ నువ్వుంటేనే కదప్పా ఏదైనా. చెల్లెమ్మకు చెప్పు. పోయి ఆసుపత్రిలో చేరు.

నీ వరదయ్య

తడ,
జులై 3

ధనంజయా,

రెండు జాబులు రాసినా. జవాబు లేదు. ఫోన్ మోగి మోగి ఆగిపోతా ఉండాది.

నిన్న స్టూడియో నుంచి యోగానంద పిలిచినాడు. “వజ్రపక్షికి నువ్వే గొంతియ్యాల, సోమవారం రా” అన్నాడు. “ధనంజయకు ఏమైంది?” అంటే, “చెయ్యలేనని రాసినాడు, అంతే తెలుసు” అన్నాడు. రేపు మొదటి బస్సుకు వస్తా ఉండాను. ఈ జాబు నాకన్నా ముందు అందదని తెలుసు. రాయకుండా ఉండలేకపోయినా.

వరదయ్య

తిరుపతి,
సెప్టెంబరు 14, ఆదివారం

నా వరదయ్యకు,

నువ్వొచ్చిన పొద్దు ఆపరేషనైన మత్తులో నేను కళ్లు తెరవలేదు. తలుపు బయట ఏడిచినావని చంద్రకాంతమ్మ చెప్పింది. జరిగింది రాస్తా, చదువు.

నీ మొదటి జాబు ఆమె చేతికే అందింది. చదివి నా ముందు పెట్టి, ఆసుపత్రికని నా లుంగీలు సంచిలో సర్దింది. అది చూసి నా మొండితనం దిగిపోయింది. పది రోజులు కూడా ఆగొద్దని డాక్టరు మొదట్లోనే అన్నాడు. నీ దగ్గర దాచినా. వరదయ్యను పిలవండని స్టూడియోకు రాసింది నేనే. ముందే చెప్తే నువ్వు ఒప్పుకోవు.

ఈ పొద్దు తొలి భాగం చూసినాము. నన్ను అనుకరించలేదు నువ్వు. మంచి పని చేసినావు. ఈ వజ్రపక్షి కష్టాలు పడి వచ్చినోడి మాదిరి మాట్లాడినాడు. చిన్నప్పుడు నా గొంతు విని పెరిగిన పక్కింటి మోహన, తన పిల్లోళ్లతో వచ్చి కూర్చునింది. “ఇది మీ గొంతు కాదే, మామా?” అనింది. పలక మీద “నా స్నేహితుడిది” అని రాసి చూపించినా. కొంచెం అసూయ కూడా కలిగింది, నీ దగ్గర దాచేదేముంది.

నవంబరులో మళ్లీ స్కాను. భయంగానే ఉండాది. ఆ పొద్దుకు రా. డాక్టరును అడగాల్సినవన్నీ కాగితం మీద రాసి పెడతా. నా తరఫున నువ్వు అడుగు.

నీ ధనంజయ