చెవికి ఆనించిన స్క్రూడ్రైవర్

నరసరావుపేట, హాస్టల్

షాహీన్ ఆపాకు,

నీ చెల్లెలు నస్రీన్ సలాములు. ఇక్కడ నేను బాగానే ఉన్నాను. అమ్మీ మోకాళ్ల నొప్పి తగ్గిందా? అబ్బా వేళకు తింటున్నాడా? ఇంట్లో ఫోను అబ్బా దగ్గరే ఉంటుంది కనుక ఈ మాటలు కాగితం మీద రాస్తున్నాను. చదివి దాచిపెట్టు.

ఎండ మన కారంపూడిలోలాగే మాడ్చేస్తోంది. హాస్టల్ పప్పులో నీళ్లే ఎక్కువ. నువ్వు పంపిన గోంగూర పచ్చడితో నెట్టుకొస్తున్నాను. లైబ్రరీలో దొరికిన కొత్త మాటలన్నీ నోట్‌బుక్కులో ఎక్కించుకుంటున్నాను. నా గురించి దిగులు పడొద్దు.

పోయిన సెలవుల్లో ట్రాక్టర్ల రిపేరు షెడ్డులో అబ్బాను వీడియో తీశాను కదా. స్క్రూడ్రైవర్ కొన ఇంజనుకు, పిడి చెవికి ఆనించి, కళ్లు మూసుకుని, లోపల ఏది అరిగిందో వింటాడే, అది. దాని కింద రెండు రోజులు కూర్చుని నాలుగు మంచి వాక్యాలు రాసి పెట్టాను. పదకొండు లైకులు వచ్చాయి, అన్నీ హాస్టల్ వాళ్లవే.

నా గదిలో ఉండే రమ్య చూసి, "ఏందే ఈ వ్యాసం, ఎవరు చదువుతారే? నవ్వొచ్చే పాట పెట్టు" అంది. వాక్యాలు తీసేసి, పాట పెట్టి, 'డాక్టరు గారొచ్చారు' అని రాశాను. మర్నాటికి వేలల్లో లైకులు. ఆ రోజు ఒక్క పాఠమూ తలకెక్కలేదు ఆపా, అంత సంతోషం.

పోయిన వారం నువ్వు పక్కింటి పిన్ని ఫోను నుంచి చెప్పిన మాటలు చెవిలోనే ఉన్నాయి. "షెడ్డుకొచ్చినోళ్లంతా, డాక్టరూ, నా గుండె కూడా చూడు అంటన్నారే. అబ్బా నలుగురిలో స్క్రూడ్రైవర్ చెవికి పెట్టడం మానేశాడు. వినకుండానే ఒక ట్రాక్టర్ బాగైందని పంపిస్తే, అది చేలో ఆగిపోయింది."

ఆ రోజే వీడియో తీసేశాను. అప్పటికే ఎవరెవరో తమ పేర్లతో పెట్టుకున్నారు. తీసేయమని బతిమాలితే నవ్వు బొమ్మలు పంపారు. నీ దగ్గర దాచను, ఆ కాపీలకు ఎన్ని లైకులు వచ్చాయో రోజూ చూస్తున్నాను. అవి నాకు రావలసినవే కదా అనిపిస్తుంది. ఈ బుద్ధి ఎట్లా వదులుతుందో తెలియడం లేదు.

నిన్న క్షమించమని అడుగుదామని అబ్బాకు ఫోన్ చేశాను. మాట్లాడనివ్వలేదు. "నిన్ను చానా మంది మెచ్చుకున్నారంటగా బేటా. ఎందుకు తీసేశావు? ఈసారొచ్చినప్పుడు ఇంకోటి తీసుకో. చెవికి పెట్టుకుంటాలే, నీ కోసం" అన్నాడు.

వద్దు అబ్బా అనాలి. ఇన్ని మాటలు నేర్చుకున్నాను, ఆ రెండు మాటలు నోట రాలేదు.

శుక్రవారం వస్తున్నాను. గుమ్మంలోనే నా ఫోను తీసుకుని బియ్యం డబ్బాలో దాచెయ్యి. నేను అడుగుతాను. ఏడ్చినా ఇవ్వకు.

అమ్మీకి, అబ్బాకు, పిన్నికి నా సలాములు. నాకోసం దువా చెయ్యి.

నీ చెల్లెలు,
నస్రీన్