మల్లెలదొడ్డికి నీళ్లు వచ్చేదాకా

2019 మార్చి 28

ఆంజనేయస్వామి గుడి బయట నా చెప్పులు ఎవడో కొట్టేశాడు. ఎమ్మెల్యే క్యాండిడేట్ చెప్పులు! అంతమంది కార్యకర్తలు చుట్టూ ఉండి ఏం లాభం? నా పీఏ బాలస్వామి మాత్రం సంబరపడ్డాడు. గుడికాడ చెప్పులు పోతే శని పోయినట్టే సార్ అన్నాడు.

మల్లెలదొడ్డి మీటింగ్‌కి టైమ్ అయిపోయింది. వట్టికాళ్లతోనే ప్రచారం జీపు ఎక్కాను. ముందు వరసలో గిడ్డమ్మ అనే ముసలామె ఖాళీ బిందె చంకన పెట్టుకుని నా కాళ్ల వంకే చూస్తోంది. ఏం నాయనా, నీ మెట్లు యాడ పాయె, ఈ ఎండలో కాళ్లు కాలవా అని గట్టిగా అడిగింది. అందరూ నవ్వారు. చెప్పులు కాపాడుకోలేనివాడు ఊరినేం కాపాడతాడు అంటారని భయమేసింది. నోటికొచ్చింది అనేశాను. మీ చెరువుకు తుంగభద్ర నీళ్లు వచ్చేదాకా నేను చెప్పులు తొడగను అన్నాను.

ఈలలే ఈలలు. గిడ్డమ్మ బిందె కింద పెట్టి నాకు దండం పెట్టింది. అది చూసి నాకే కళ్లు తడి అయ్యాయి.

మార్చి 29

పేపర్లో నా మొహం లేదు. కాళ్లున్నాయి.

ఆదోనికి పోయి కొత్త జత తెమ్మన్నాను. బాలస్వామి చేతులు జోడించాడు. ఎలక్షన్ అయ్యేదాకా ఓపిక పట్టండి సార్, మీ కాళ్లే ఇప్పుడు మన పార్టీ గుర్తు అన్నాడు. స్వర్ణలత పడీ పడీ నవ్వింది. మీ నోరు చేసిన పనికి కాళ్లేం పాపం చేశాయండీ అంది. నా పెళ్లాం ఇంత నవ్వి చాలా రోజులైంది.

ఏప్రిల్ 9

తారు రోడ్డు మీద పాదయాత్ర. అరికాళ్లు బొబ్బలెక్కాయి. స్వర్ణ వెన్న రాసింది. ఈరోజు నవ్వలేదు.

మే 23, సాయంత్రం

గెలిచాను.

ఇంటి నిండా జనం. బాత్‌రూమ్ చెప్పులు కూడా ఎవరో తీసేశారు. మా తమ్ముడు ప్రవీణే. ఇంకనుంచి మనింట్లో నీ సైజు చెప్పులు ఉండగూడదన్నా, శానామంది వచ్చిపోతాంటారు అన్నాడు. వాడు కాంట్రాక్టరు. ముందుచూపు ఎక్కువ.

జూన్ 12

అసెంబ్లీలో ప్రమాణం. కెమెరాలన్నీ కిందికి వంగాయి. ఏసీ గదుల్లో నేల మంచుగడ్డలా ఉంది. ఎత్తిపోతల పథకం సంగతి ఎత్తితే, మొదటి సెషన్‌లోనే ఎందుకంత తొందర అన్నారు ఒక సీనియర్. ఆయన బూట్లు మాత్రం తళతళా మెరుస్తున్నాయి.

2021 ఫిబ్రవరి 17

ఎత్తిపోతల ఫైలు ఫైనాన్స్‌లో ఉందట. నిరుడూ అక్కడే ఉంది. అది అక్కడే పుట్టి అక్కడే పోయేట్టుంది.

నిజం రాసుకుంటాను, ఇది ఎవరూ చదవరు కదా. ఈ కాళ్ల మీద నాకు గర్వం వచ్చింది. నేను మంత్రాలయం పోతే జనం మఠంలో రాయరు స్వామి దర్శనానికి పోతూ నా దగ్గర ఆగి కాళ్లకు మొక్కారు. వద్దనాలి. వద్దనలేదు.

2022 ఆగస్టు 6

పొద్దున స్వర్ణ నా ఎడమ అరికాల్లోంచి తుమ్మ ముల్లు తీసింది. అది ఎప్పుడు గుచ్చుకుందో నాకు తెలియదు. నొప్పి లేదు. నొప్పి లేదని సంతోషపడితే ఆమె మొహం పాలిపోయింది.

కర్నూలు తీసుకుపోయింది. షుగర్ విపరీతంగా ఉందట. నరాలు చచ్చిపోయాయట, అందుకే నొప్పి తెలియలేదట. డాక్టరు ఎమ్మెల్యే అని కూడా చూడలేదు, ఎడాపెడా తిట్టాడు. షుగర్ ఉన్నవాళ్లు వేసుకునే ఎంసీఆర్ చెప్పులు రాసిచ్చాడు. నల్లగా, మెత్తగా, బండగా ఉన్నాయి. ఇవి వేసుకోకపోతే కాలు పోతుందని చెప్పాడు.

ఆగస్టు 9

తలుపు గడియ పెట్టుకుని చెప్పులు వేసుకుంటున్నాను. సొంత ఇంట్లో దొంగలాగ.

ఆగస్టు 21

ప్రవీణ్‌కు తెలిసిపోయింది. ఒక్క వీడియో బయటపడితే సచ్చినామన్నా, నువ్వు మంచాన పడినా ఓట్లొస్తాయి, మెట్లేసుకుంటే రావు అన్నాడు. చెప్పులు కవర్లో చుట్టుకుని పట్టుకుపోయాడు. స్వర్ణ వాడితో మాట్లాడటం మానేసింది. నేను మానలేదు. మానలేనని వాడికి తెలుసు.

2023 డిసెంబర్ 3

అన్నీ వరసగా రాయాలి.

పొద్దున మల్లెలదొడ్డి పంప్‌హౌస్ ప్రారంభం. మంత్రి వచ్చాడు, పూలదండలు, డ్రోన్ కెమెరా. మీటింగ్‌కు ముందు ఒక కుర్ర ఇంజనీరు నన్ను పక్కకు పిలిచి నసిగాడు. కరెంటు లైను ఇంకా వేయలేదు సార్, జనరేటర్ అద్దెకు తెచ్చినాం, సాయంత్రం తిరిగి పంపించాల అన్నాడు. జనరేటర్ ఎవరిదంటే ప్రవీణ్ కంపెనీది.

మోటారు ఆన్ చేశారు. పైపులోంచి నీళ్లు దూకాయి. తెలిసి కూడా నా ఒళ్లు పులకరించింది. గిడ్డమ్మ అందరినీ తోసుకుని పోయి బిందె పట్టింది. తల మీద పోసుకుంది. వస్తాండాయి, వస్తాండాయి అని చిన్నపిల్లలా అరిచింది.

స్టేజీ మీద వెండి పళ్లెంలో కొత్త చెప్పులు తెచ్చారు. మంత్రి స్వయంగా వంగి నా కాళ్ల ముందు పెట్టాడు. మైకులో ప్రవీణ్ గొంతు మోగుతోంది, మా అన్న ప్రతిజ్ఞ నెరవేరిందని. కింద స్వర్ణ కూర్చుని ఉంది. వేసుకోండి అని కళ్లతోనే బతిమాలింది. ఎడమ అరికాల్లో లేచిన పుండు అప్పటికి నెలరోజులుగా మానడం లేదు. ఆ చెప్పుల్లో కాళ్లు పెడితే చాలు, నా కాలు దక్కుతుంది, టికెట్ దక్కుతుంది, స్వర్ణ నవ్వుతుంది.

తడిసిన జుట్టుతో గిడ్డమ్మ నా వైపే చూస్తోంది. నా చేత కాలేదు. చెరువు నిండినాక వేసుకుంటాను అన్నాను. ఈ జనరేటర్ సాయంత్రానికి పోతుంది, లైను వేసిన రోజున పిలవండి అని మైకులోనే చెప్పేశాను.

జనం మళ్లీ ఈలలు. ఇది కూడా డ్రామాలో భాగమే అనుకున్నారు! జీవితంలో ఒక్క నిజం చెబితే అది కూడా డైలాగ్ అయింది. మంత్రి నవ్వు మొహంతోనే కారెక్కాడు, నాకు చెయ్యి కూడా ఊపలేదు.

సాయంత్రం మోటారు ఆగింది. గిడ్డమ్మ కారు దగ్గరికొచ్చింది. నువ్వు మెట్లు తొడుక్కోకుంటే మాకు నీళ్లొస్తాయా నాయనా, రావని ముందే తెలిసుంటే నేనే ఒక జత కొనిస్తాంటి అంది. తిట్టినా బాగుండేది.



2024 జనవరి 19

జ్వరం. పాదం నల్లబడింది. స్వర్ణ అంబులెన్స్‌లో హైదరాబాద్ తీసుకొచ్చింది.

జనవరి 22

మోకాలి కింద నుంచి తీసేశారు. ఎడమది.

ఫిబ్రవరి 8

ప్రవీణ్ యాపిల్ పండ్లతో వచ్చాడు. కాసేపు ఏడ్చాడు, నిజంగానే ఏడ్చాడు. తర్వాత పార్టీ టికెట్ తనకిచ్చిందని చెప్పాడు. నువ్వు కోలుకోవాలన్నా, తిరగలేవు గదా అన్నాడు. మంచిదే అన్నాను. కట్టు కనబడేట్టు ఒక ఫోటో తీసుకుంటానన్నాడు. స్వర్ణ యాపిల్ పండ్లను సంచితో సహా కారిడార్‌లోకి విసిరేసింది.

ఫోటో మాత్రం తీసుకున్నాడు. నేనే దుప్పటి పక్కకు జరిపాను. ఎందుకు జరిపానో ఎంత ఆలోచించినా తెలియడం లేదు.

మార్చి 2

పోస్టర్లు పడ్డాయట. అన్న కాలిచ్చాడు, తమ్ముడు నీళ్లిస్తాడు. బాలస్వామి వాట్సాప్‌లో పంపాడు. కింద దండం బొమ్మ పెట్టాడు.

ఏప్రిల్ 21

టీవీలో మల్లెలదొడ్డి లైవ్. ప్రవీణ్ జీపు మీద నిలబడి చెప్పులు విడిచాడు. వాటిని బాలస్వామి అందుకుని కళ్లకద్దుకున్నాడు. చెరువుకు నీళ్లు వచ్చేదాకా మా అన్న కాళ్ల సాక్షిగా అన్నాడు ప్రవీణ్. కాళ్లట! ఈలలు అవే. జనం కూడా వాళ్లే. గిడ్డమ్మ కోసం వెతికాను, కెమెరా ఆమె వైపు తిరగలేదు.

స్వర్ణ టీవీ కట్టేసి, వాడికి కూడా షుగర్ ఉందండీ అంది.

జూన్ 4

గెలిచాడు. ఫోన్ చేశాను. ఇంట్లో మెత్తటి చెప్పులైనా వేసుకోరా అన్నాను. లైన్లో చప్పుడు ఎక్కువగా ఉంది. వినిపించలేదేమో.

ఆగస్టు 11

కొత్త కాలు వచ్చింది. బూటు లేకుండా అది సరిగ్గా నిలబడదట. జతలో రెండో బూటు స్వర్ణ తెచ్చి కుడి కాలి ముందు పెట్టింది. నేను వేసుకోలేదు.

మల్లెలదొడ్డి తీసుకుపొమ్మన్నాను. ఎండిన చెరువులో కర్ర పట్టుకుని కొంత దూరం నడిచాను. దుమ్ములో ఒకటి బూటు గుర్తు, ఒకటి కాలి గుర్తు. గిడ్డమ్మ వచ్చింది. చూపు బాగా తగ్గింది. గట్టు దిగి, దుమ్ములోకి వంగి చూసి, ఈడ ఇద్దురు నడిచినట్లుండాది నాయనా, రెండోవాడు యాడ అని అడిగింది.