ఆల్తాయ్ కొండలు దాటలేదు

ఫిబ్రవరి 1, ఆదివారం

ఈరోజు నుంచి నేను కొత్త మల్లేష్‌ని!

గల్ఫ్‌లో, హూరా పేటలో ఉన్న మా తుర్కీ హోటల్‌కి కొత్త రూలు వచ్చింది. కబాబ్‌తో పాటు వెయిటర్లు తుర్కుల చరిత్ర కూడా వడ్డించాలట. మేనేజర్ ఆలోచన. రంజాన్‌లోపు వంటింట్లోంచి ఒకరిని వెయిటర్‌గా బయటికి తీసుకుంటాడు. పన్నెండున పరీక్ష. పెట్టేది నుర్లాన్. కబాబులు కాల్చే పెద్దాయన, కజకిస్తాన్ మనిషి.

నా పని ఉల్లిగడ్డలు ఒలవడం. వీడియో కాల్ చేసినప్పుడల్లా అమ్మ "ఎందుకేడుస్తున్నవ్ బిడ్డా?" అంటుంది. ఇక చాలు. బయట ఏసీ, తెల్ల చొక్కా, టిప్పు!

ఫోన్‌లో హిందీ వీడియోలు దొరికాయి. నలభై భాగాలు. రోజుకు నాలుగు చూస్తే పరీక్షనాటికి ఖతం.

ఫిబ్రవరి 2, సోమవారం

మొదటి భాగం. అద్భుతం!

ఆల్తాయ్ కొండల్లో తుర్కులు పై రాజుకు ఇనుము కొట్టి పెట్టేవాళ్ళు. తమది తోడేలు వంశమని చెప్పుకునేవాళ్ళు. వాళ్ళ నాయకుడు బూమిన్ ఆ రాజు కూతుర్ని ఇమ్మని అడిగాడు. "నాకు ఇనుము కొట్టేవాడివి, నీకు నా పిల్లా?" అన్నాడు రాజు. బూమిన్ ఊరుకున్నాడా? ఆ రాజ్యాన్నే కూలగొట్టి తానే రాజయ్యాడు.

కొలిమి దగ్గరివాడు గద్దె ఎక్కాడు. నేను వంటింటి తలుపు దాటలేనా?

రెండో భాగం మొదలవుతుండగా నిద్ర పట్టింది. మొదటి రోజు కదా.

ఫిబ్రవరి 4, బుధవారం

ఓవర్‌టైం. మొదటి భాగమే మళ్ళీ చూశాను. పునాది గట్టిగా ఉండాలి. ఆల్తాయ్ దగ్గరే నిద్ర.

నేను పడుకున్నా వీడియోలు వాటంతటవే నడుస్తున్నాయట. మా గదిలో నా పై మంచం లచ్చన్న, పైపుల పని చేసే మా జగిత్యాలాయన, పొద్దున్నే అందుకున్నాడు. "నీ గుర్రాలోళ్ళు రాత్రంత నా నెత్తిమీదనే ఉరికిన్రు గదరా!"

ఫిబ్రవరి 7, శనివారం

క్రికెట్ మ్యాచ్. వెయ్యేళ్ళు ఆగిన చరిత్ర ఒక్కరోజు ఆగదా?

మ్యాచ్ మధ్యలో లచ్చన్న తల కిందికి వంచి అడిగాడు. "సెల్జూకులు రూమోళ్ళ రాజును పట్టుకున్నరు గదా. సంపిన్రా, ఇడిసిపెట్టిన్రా? గాడికే నీ ఫోన్ల చార్జింగ్ అయిపోయె."

సెల్జూకులు ఎవరు?

ఫిబ్రవరి 9, సోమవారం

ఉల్లిగడ్డలతో కళ్ళు మంట. వీడియో చూస్తే ఇంకా మంట. కన్ను పోతే చరిత్ర ఎవడిక్కావాలి? "చెవులతోని ఇనరాదు?" అన్నాడు లచ్చన్న. ఈయనకెందుకో!

ఫిబ్రవరి 11, బుధవారం

రేపే! లచ్చన్నను బతిమాలాను. ఆస్తి పంచుకునే పాలోళ్ళ పంచాయితీలా చెప్పుకొచ్చాడు. "పెద్దోడు కొండల్నే ఉన్నడు. నడిపోడు పడమటికి పోయి ఇస్తాంబుల్ల సొచ్చిండు. ఇంకొకడు మన ఢిల్లీ దాంక అచ్చిండు. అందరిది ఒక్కటే మూలం, ఎవని పొయ్యి వానిది."

ఇంత సులభమా! హాయిగా పడుకున్నాను.

ఫిబ్రవరి 12, గురువారం

సర్వనాశనం!

నుర్లాన్ చరిత్ర అడగనే లేదు. చేతులు తుడుచుకుని, తన వచ్చీరాని ఉర్దూలో మొదలుపెట్టాడు. "మల్లేష్ భాయ్, మా దగ్గర పిల్లలకు మాటలు రాగానే ఏడుగురు తాతల పేర్లు నేర్పుతాం. అవి రానివాడు అనాథ కింద లెక్క. మా చరిత్ర చెప్పేముందు నీది చెప్పు."

"నాన్న గంగరాజం. తాత రాజన్న. ముత్తాత..."

మేనేజర్ చూస్తున్నాడు. తెల్ల చొక్కా గోడకు వేలాడుతోంది.

"బూమిన్," అన్నాను.

అక్కడైనా ఆగొచ్చు కదా. ఆగలేదు. "ఆయన నాయనది తోడేలు వంశం."

నుర్లాన్ నవ్వి నవ్వి కూలబడ్డాడు. ఉల్లిగడ్డ లేకుండానే కన్నీళ్ళు. "అయితే నువ్వు నాకు పాలివాడివే!" అని కౌగిలించుకున్నాడు. చొక్కా మాత్రం గిన్నెలు కడిగే నేపాలీకి ఇచ్చారు. ఏడు అడిగితే తొమ్మిది చెప్పాడట.

నాకు సిగ్గేసింది. చొక్కా పోయినందుకు కాదు. మూడో పేరు దగ్గరే అనాథనైపోయాను.

ఫిబ్రవరి 13, శుక్రవారం

అమ్మకు ఫోన్ చేశాను. "నాకేమెరుక బిడ్డా, నేను కోడల్ని. మీ నాయిన ఉంటే చెప్పెటోడు. మన వంశం కథ చెప్పెటాయన వాకిట్ల కూసోని తాతల పేర్లన్ని పాడి, వడ్లు పెట్టించుకొని పోతుండె. ఆయన సుత కాలం జేసిండు. కొడుకు దేవేందర్ దుబాయిల ఉన్నడట."

"ఏ దుబాయిల అమ్మా?"

"నువ్వున్న దుబాయిల్నే. సఖీరట."

అమ్మకు గల్ఫంతా దుబాయే. మా తాతలంతా బస్సెక్కితే చేరేంత దూరంలో ఉన్నారు!

ఫిబ్రవరి 16, సోమవారం

సెలవు. సఖీర్ క్యాంపు. దేవేందర్ చాయ్ పోశాడు. తాతల సంగతి అడగ్గానే తల దించుకున్నాడు.

"నాయిన రోజు నేర్పెటోడే అన్నా. మీ ఇంటి వరుస మొదలువెట్టంగనే నాకు నిద్రొచ్చేది. మూడో పేరు దాటి ఎన్నడు ఇనలే."

మూడో పేరంటే నా ముత్తాత! "చెప్పు తమ్మీ!"

"పోశెట్టి."

పోశెట్టి. బయటికి గట్టిగా అని చూసుకున్నాను. ఇంకోసారి అన్నాను.

వాళ్ళ నాన్న పాడినది ఒకసారి ఫోన్‌లో రికార్డు చేసుకున్నాడట. చాలా పొడుగ్గా ఉంది. అతనూ పూర్తిగా వినలేదు. నాకు పంపాడు. ఈ రాత్రికే వింటాను. మొత్తం!

ఫిబ్రవరి 17, మంగళవారం

పోశెట్టి దగ్గర నిద్ర పట్టింది.

పొద్దున కళ్ళు తెరిస్తే పై మంచం నుంచి లచ్చన్న తల వేలాడుతోంది. "ఓరి మల్లేష్, 'నా ఎడ్లు కాసెటోనివి, నీకు బండెందుకురా' అని మీ నాలుగో తాతను దొర తిట్టిండు గదా. బండి గొన్నడా, ఊరిడిసిపోయిండా? గాడికే చార్జింగ్ అయిపోయె."

"ఆయన పేరు చెప్పకన్నా! నేనే ఇంట!"

ఫోన్ చార్జింగ్‌లో పెట్టాను. ఈరోజు నుంచి నేను కొత్త మల్లేష్‌ని. మంచం మీద వినేది లేదు. వంటింట్లో, ఉల్లిగడ్డలు ఒలుస్తూ, మొదటి నుంచి వింటాను. ఉల్లిగడ్డల ముందు కూర్చుంటే ఎవడికీ నిద్ర రాదు.