మూలం: అజ్ఞాత

అమ్మకు,

నీ పెద్దవాడు నమస్కరించి రాసేది. ఇక్కడ మేం ముగ్గురం కులాసాగానే ఉన్నాం. నీ కోడలికి దగ్గు తగ్గింది. నీ మనవరాలు, మన పిచ్చుక, క్లాసు లీడరయింది కాబట్టి ఇప్పుడు ఇంట్లో కూడా పలక మీద జాబితాలు రాస్తోంది. ఎక్కువ మాట్లాడేవాళ్ళ కింద వాళ్ళమ్మ, ఎంత పిలిచినా పలకనివాళ్ళ కింద నేను. నువ్వూ, నీ కుట్టుమిషనూ, నీ దగ్గర పని నేర్చుకుంటున్న ఆడపిల్లలూ కుశలమని తలుస్తాను.

ఉత్తరం ఆలస్యమైందని నీకు కోపం వచ్చే ఉంటుంది. మూడు వారాలుగా కూర్చోవడం, కలం మూత తీయడం, మళ్ళీ పెట్టేయడం, ఇదే నా వరస. ఎందుకో చివర్లో చెబుతాను. నువ్వు చివరి పేజీ ముందు చదివే మనిషివని నాకు తెలుసు. ఈ ఒక్కసారికి వరుసగా చదువు.

నీ మొదటి ప్రశ్న: అక్కడున్న నా చొక్కాల కాలర్లు తిప్పి కుట్టి పంపనా అని అడిగావు. పంపు. ఇక్కడి దర్జీ మూడుసార్లు కొలిచి మరీ నా మెడకు ఉరి బిగించాడు. నువ్వు నన్ను చూడకుండా కుట్టినా నాకు సరిపోతుంది.

రెండో ప్రశ్న, నువ్వు ప్రతిసారీ అడిగేది: “ఈమధ్య ఏ మాట మీద ఉన్నావు?” నా ఉద్యోగం గురించి ఇలా అడిగేది నువ్వొక్కదానివే. మిగతావాళ్ళంతా నిఘంటువు ఎప్పటికి పూర్తవుతుందని అడుగుతారు. నేను రిటైరయ్యేలోపు కాదని చెబితే జాలిగా చూస్తారు.

ఈసారి నా వంతుకు వచ్చింది స్తుతిగీతశాస్త్రం. నోరు తిరగడానికే ఒక పూట పట్టేలా ఉందని నవ్వకు. చూడటానికి బరువైన మాటే గాని లోపల ఉన్నది తేలికైన సంగతి. దేవుణ్ణి స్తుతిస్తూ పదిమంది కలిసి పాడుకునే పాటల గురించి చేసే పరిశోధన అన్నమాట. ఆ పాట ఎవరు కట్టారు, ఏ వరసలో పాడారు, ఏ ఊరి నుంచి ఏ ఊరికి పోయింది, పోతూ పోతూ ఏ మాట జారిపోయింది, దాని చోట ఏ మాట వచ్చి కూర్చుంది, ఇవన్నీ వెతికి రాసిపెట్టే చదువు. కొందరు ఒక సమాజం పాడుకునే పాటలన్నిటినీ కలిపి కూడా ఇదే మాటతో పిలుస్తారు. అది సరైన వాడుకేనా అని మా గదిలో రెండు రోజులు వాదించుకున్నారు. నేను వినలేదు. నాకు వేరే గొడవ పట్టుకుంది.

ఆ గొడవ అర్థం కావాలంటే మా గది నీకు తెలియాలి. మూడో అంతస్తు. నేల నుంచి కప్పు దాకా చెక్క సొరుగులు. ఒక్కో మాటకు ఒక్కో చీటీల కట్ట, దారం కట్టి ఉంటుంది. చీటీ అరచేయంత ఉంటుంది. పైన మాట, నడుమ ఆ మాటను ఎవరో నిజంగా వాడిన వాక్యం, అడుగున మూలం, అంటే ఆ వాక్యం ఎవరు రాశారు, ఏ పుస్తకం, ఆ పుస్తకం ఎక్కడ ఉంది అన్న వివరం. ఎంత గొప్ప మాటైనా ఎవరో ఒకరు వాడినట్టు రుజువు లేకపోతే మా నిఘంటువులోకి రాదు.

మధ్యాహ్నం మూడయ్యేసరికి పడమటి కిటికీలోంచి ఎండ వచ్చి బల్లల మీద పరుచుకుంటుంది. చీటీలన్నీ పసుపురంగు తిరుగుతాయి. కాగితం కదిలే చప్పుడు తప్ప ఇంకేదీ వినపడదు. ఆ వేళలో నేను చదువుతున్నానో కల కంటున్నానో నాకే తెలియదు. పోయినవాళ్ళ వాక్యాలూ, ఉన్నవాళ్ళ వాక్యాలూ ఒకే దారంలో ఉంటాయి. ఎవరో ఎప్పుడో పక్కింటివాళ్ళకు రాసిన చిన్న మాట కూడా నా చేతిలో వెచ్చగా ఉంటుంది. పందొమ్మిదేళ్ళుగా నేను ఈ ఉద్యోగం వదలకపోవడానికి కారణం ఆ ఒక్క గంటే.

అలాంటి గంటలోనే ఈ మాట కట్ట విప్పాను. మూడే చీటీలు. మొదటిది ఒక పండితుడి ఉపన్యాసం. వాక్యం చివరికి వచ్చేసరికి దాని మొదలు మరిచిపోతాం. రెండోది ఎక్కడో చెప్పే పాఠాల జాబితా. మూడో చీటీ మీద గీతల కాగితం ముక్క ఒకటి అతికించి ఉంది. నీలం సిరా, కుడివైపుకు వాలిన అక్షరాలు:

“మాస్టారు నా పుస్తకం చూసి, అమ్మాయీ, దీన్నే స్తుతిగీతశాస్త్రం అంటారు అన్నారు. నేను శాస్త్రమేదీ చదవలేదు. ఏ పాట ఎవరి దగ్గర నేర్చుకున్నామో, ఏ చరణం దగ్గర చెల్లి గొంతు వణుకుతుందో రాసి పెట్టుకుంటున్నాను, అంతే.”

అడుగున మూలం అన్న చోట ఇంకో చేతిరాతలో ఒక్క మాట ఉంది. అజ్ఞాత.

అమ్మా, ఆ నీలం అక్షరాలు నీవి. అజ్ఞాత అని రాసిన చెయ్యి నాది.

మా పై అధికారిని మేం చాటున కామాగారు అంటాం. తప్పు కామా ఒకటి కనిపిస్తే ఆయనకు ఆ పూట అన్నం సహించదు. ఆయన ఆ మూడు చీటీలూ చూసి మూడోదాన్ని బల్ల మీద విడిగా పెట్టుకున్నారు. చాలాసేపు చదివారు.

“ఈ మాటను మనిషిలా వాడింది ఈవిడొక్కతే,” అన్నారు. “ఇదే అచ్చు వేద్దాం. మూలం అజ్ఞాత అని ఉంది. ఈ చేతిరాత మీది కదూ?”

“నాదేనండి. చేరిన మొదటి నెలలో రాశాను.”

“అజ్ఞాత అంటే ఎవరో తెలియదని. మీకు తెలియదా?”

కిటికీ వైపు చూస్తూ, “మా అమ్మండీ,” అన్నాను.

ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. మరి ఎందుకలా రాశారని అడగలేదు. కొత్త చీటీ ఒకటి నా ముందుకు జరిపి, “అయితే సరిగ్గా రాయండి. చేతిరాత పుస్తకం కాబట్టి ఆవిడ అనుమతి కావాలి. సోమవారం ఆఫీసు నుంచి ఉత్తరం పంపిస్తాను,” అన్నారు.

“మూడు వారాలు ఆగండి. ముందు నేను రాసుకోవాలి.”

“ఆగుతాను. మూడే.”

ఆ మూడు వారాలూ ఇవాళ్టితో అయిపోయాయి. ఆ పుస్తకం పేజీ మా సొరుగులోకి ఎలా వచ్చిందని నువ్వీపాటికి అడిగే ఉంటావు.

నీ పాటల పుస్తకం పిన్ని తీయలేదు. నేను తీశాను. ఈ ఉద్యోగానికి బయల్దేరిన రోజు నువ్వు కింద కొట్టులో ఎవరిదో జాకెట్టుకు గుండీలు కుడుతున్నావు. నేను మేడ మీద బీరువా తెరిచి, నా చొక్కాల మధ్య పెట్టుకుని తెచ్చేశాను. అడిగితే ఇచ్చేదానివే. ఇరవై మూడేళ్ళవాడు అమ్మ పాటల పుస్తకం కావాలని ఎలా అడుగుతాడు, సిగ్గేసింది. చిన్నప్పుడు నువ్వు బట్ట కత్తిరిస్తూ పై స్వరం, పిన్ని కాజాలు కుడుతూ కింది స్వరం పాడుతుంటే నేను ముక్కల కుప్పలో పడుకుని నిద్రపోయేవాణ్ణి. కొత్త ఊళ్ళో, ఎవరూ పాడని గదిలో ఎలా ఉండాలో నాకు తెలియలేదు. రెండు వారాల్లో నకలు రాసుకుని తిరిగి పంపేద్దామనుకున్నాను.

ఈలోగా ఆఫీసులో, వాక్యం దొరికితే పాత పుస్తకంలోంచి ఆ ముక్క కత్తిరించి చీటీ మీద అతికించడం చూశాను. అచ్చుపుస్తకాలకు రెండో ప్రతి ఉంటుంది, చేతిరాతకు ఉండదు అని నాకు ఎవరూ చెప్పలేదు, నాకూ తట్టలేదు. కొత్త ఉద్యోగి ఉత్సాహం. నీ మొదటి పేజీలో ఇంత అరుదైన మాట కనిపించేసరికి కత్తెర తీసుకున్నాను. అతికించి, మూలం దగ్గర నీ పేరు రాయబోతే చెయ్యి ఆగింది. పేరు రాస్తే పుస్తకం నా దగ్గర ఉందని ఒప్పుకున్నట్టే. అజ్ఞాత అని రాసేశాను.

ఆ వారమే నీ ఉత్తరం వచ్చింది. పుస్తకం కనిపించడం లేదనీ, అది పోవడానికి ముందు వారమే పిన్ని ఇవ్వమని అడిగిందనీ, నువ్వు కాదన్నావనీ, ఆమే తీసుకుందనీ. “నువ్వేమైనా చూశావా?” అని చివర్న అడిగావు. చూడలేదని రాశాను. పేజీకి చిల్లు పడిన పుస్తకాన్ని ఏ మొహం పెట్టుకుని పంపను? ఒక నెల పోయాక చెబుదామనుకున్నాను. నెలలు గడిచేకొద్దీ నా నోరు పూర్తిగా పడిపోయింది. మీరిద్దరూ నాలుగు వీధుల దూరంలో ఉంటూ ఒకరికొకరు ఎదురుపడకుండా దారులు మార్చుకున్నారు. నువ్వు ప్రార్థన మందిరంలో వెనక వరుసలో నోరు విప్పకుండా కూర్చుంటావని తమ్ముడు ఎన్నోసార్లు చెప్పాడు. అయినా చెప్పలేదు. పిన్నిని దొంగను చేసి నేను మంచివాడిగా మిగిలాను. నన్ను క్షమించమని అడగడానికి కూడా సిగ్గుగా ఉంది, అయినా అడుగుతున్నాను.

మొన్న మధ్యాహ్నం ఆ ఎండలో బల్ల మీద తల వాల్చాను. సొరుగులన్నీ వాటంతట అవే తెరుచుకున్నట్టు, లోపలి చీటీలు బట్టముక్కలయినట్టు కల వచ్చింది. నువ్వూ పిన్నీ ఎదురెదురుగా కూర్చుని కుడుతున్నారు. నీ పెదవులు కదిలితే పిన్ని గొంతు వినపడుతోంది. పిన్ని నోరు తెరిస్తే నీ గొంతు వస్తోంది. నేను కింద ముక్కల కుప్పలో చిన్నవాణ్ణయి పడుకుని ఉన్నాను. మెలకువ వచ్చాక కూడా కాసేపు ఆ పాట గదిలోనే ఉన్నట్టనిపించింది.

ఇక నీ మూడో ప్రశ్న. పిన్నికి మోకాలు ఆపరేషన్ అయి మంచం మీద ఉందనీ, చూడటానికి ప్రాణం కొట్టుకుంటోందనీ, కాని పుస్తకం సంగతి తేలేదాకా ఆ గడప తొక్కనని మాట అనేశాననీ, వెళ్ళనా మాననా అనీ అడిగావు. ఈ ప్రశ్నకు జవాబు నేను తప్ప ఇంకెవరూ చెప్పలేరు కాబట్టే ఇన్ని రోజులు కలం కదల్లేదు.

ముందు పిన్నికి రాశాను. తప్పు మోసింది ఆమె, మొదట ఆమెకే చెప్పాలనిపించింది. జవాబు మూడు లైన్లు: “ఒరేయ్, నువ్వా. అనుకున్నాను గాని నీ పేరు చెబితే మీ అమ్మ తట్టుకోలేదని ఊరుకున్నాను. పుస్తకం నాకు పంపు, అక్కయ్య వచ్చి అడిగితే ఇస్తాను, నేనే లేచి వెళ్దామంటే ఈ మోకాలు కదలనివ్వడం లేదు.”

నన్ను కాపాడటానికి ఆమె ఇన్నేళ్ళు దొంగగా బతికింది.

చీటీ మీద ఇప్పుడు నకలే ఉంది. అసలు ముక్కను కామాగారే నీళ్ళతో తడిపి నెమ్మదిగా ఊడదీసి, పుస్తకంలో దాని చోట అతికించారు. అతుకు కనిపిస్తుంది. నీ కళ్ళకు అసలే తప్పదు. నాలుగు రోజుల క్రితం పుస్తకం పిన్నికి పోస్టు చేశాను. ఈ ఉత్తరం నీకు అందేసరికి ఆమె తలగడ పక్కన ఉంటుంది.

ఆఫీసు ఉత్తరం కూడా వెనకాలే వస్తుంది. అనుమతి ఇస్తారా అని అడుగుతారు. నా మీద కోపంతో వద్దని రాసినా నేను నోరెత్తను. కొత్త చీటీలో మూలం అన్న చోట నీ పూర్తి పేరు రాశాను. పుస్తకం ఉన్న చోటు అన్న గడిలో, రచయిత్రి చెల్లెలి ఇల్లు, అని రాశాను. మా ఆఫీసులో అబద్ధం రాయకూడదు.

పందొమ్మిదేళ్ళుగా నువ్వు, “నా పుస్తకం నా చెల్లెలి దగ్గరే ఉంది,” అంటూ వచ్చావు. నా మూలంగా అది అప్పుడు నిజం కాలేదు. ఇప్పుడు నిజం. వెళ్ళి తెచ్చుకో అమ్మా.

ఇట్లు,
పుస్తకం తీసినవాడు,
నీ పెద్దకొడుకు